వెలుతురు గది

పెళ్ళయిన తొమ్మిదో రోజున నేను మా అత్తవారింట్లో దారి తప్పాను.

నవ్వకండి. కాఫీ కప్పు పట్టుకుని వంటగదిలోంచి మా గదికి బయల్దేరాను. ఒక గోడ పక్కన మలుపు తిరిగాను, ఇంకో గోడ పక్కన మలుపు తిరిగాను, చూస్తే మళ్ళీ వంటగదిలోనే ఉన్నాను. పచ్చిమిరపకాయలకి తొడిమలు తీస్తున్న తబిత తలెత్తి, "ఎడం పక్కకండీ అమ్మాయిగారూ. నాకూ పదిహేను రోజులు పట్టింది లెండి" అంది.

భీమవరానికి పదకొండు కిలోమీటర్ల దూరంలో, చుట్టూ రొయ్యల చెరువులు, వాటి మధ్య బూడిదరంగు కాంక్రీటు ఇల్లు. సిమెంటు పూత లేదు, రంగు లేదు. పోత పోసినప్పటి చెక్కల గీతలు గోడలమీద అలాగే ఉంటాయి. దారిన పోయేవాళ్ళు ఆగి, "రంగులెప్పుడేయిస్తారండీ రాజుగారూ?" అని అడిగేవారు. మా మామయ్యగారు ఆదినారాయణరాజుగారు మీసాల చాటున నవ్వుకుని, "ఇదేనండీ రంగు" అనేవారు. లోపల హాలు రెండంతస్తుల ఎత్తు. నడిమధ్య భాగం రెండు మెట్లు లోతుగా ఉంటుంది, సోఫాలన్నీ అందులోనే. తూర్పు పడమరల్లో గోడల బదులు నేల నుంచి కప్పు దాకా అద్దాలు. గదులకి తలుపుల్లేవు. ఒక గోడ వెనక ఇంకో గోడ, ఆ సందులోంచి తిరిగితే గది. బాత్‌రూములన్నీ హాలుకి అవతల ఒకే కాంక్రీటు పెట్టెలో ఉన్నాయి. ఇంట్లో గడియ పడేవి అవే.

నాకు ఆ ఇల్లంటే పిచ్చి ప్రేమ పుట్టుకొచ్చింది. పొద్దున్నే చెరువుల మీంచి ఎండ జారి వచ్చి నున్నటి నేలమీద చాపలా పరుచుకునేది. నేను కాళ్ళు చాపుకుని అందులో కూర్చునేదాన్ని. అది జరిగితే నేనూ జరిగేదాన్ని. మా వారు సూర్యతేజ మెట్లమీంచి చూసి, "పిల్లిని చేసుకున్నానేంటి నేను?" అనేవారు. కాకపోతే ఆ ఇంట్లో మాట దాగదు. మేడమీద గుసగుసలాడితే కింద వంటగదిలో తబిత కిసుక్కున నవ్వేది. అందుకని ఒకే మంచం మీద అటూ ఇటూ కూర్చుని ఫోన్లో మెసేజీలు పెట్టుకునేవాళ్ళం. మొదటి పోట్లాట కూడా అలాగే పడ్డాం. కోపంగా టైపు చేస్తుంటే నవ్వొచ్చి మధ్యలో ఆగిపోయింది.

ఇల్లు గీసిన ఉదయ్‌భాస్కర్ గారు దసరా వెళ్ళాక ఒకసారి వచ్చారు. రాజమండ్రి ఆయన, ఎక్కడెక్కడో చదువుకొచ్చారు, మాట మెత్తన. "మనుషులు ఒకరికొకరు కనపడుతుండాలండి. గోడలే కదండీ ఇళ్ళల్లో మనుషుల్ని విడదీసేది" అన్నారు. నేను బుర్ర ఊపేశాను.

భయం ఎప్పుడు మొదలైందో సరిగ్గా చెప్పగలను. ఆ మరునాటి సాయంత్రం. పాట పాడుకుంటూ హాల్లో లైటు వేశాను. పడమటి అద్దం ఒక్కసారిగా నల్లబడి, అందులో నేను నిలువెత్తున కనపడ్డాను. బయట ఏముందో కనపడటం లేదు. కానీ అవతల చెరువు గట్టుమీద ఎవరిదో టార్చిలైటు, అటుపోతున్నది ఆగింది. అంతే. రొయ్యలకి మేత వేసే మనిషే అయ్యుంటాడు. చెప్పు తెగి ఆగాడేమో. కానీ నా పాట గొంతులోనే ఉండిపోయింది.

తర్వాత తబిత ఒకరోజు తడిగుడ్డ పెడుతూ, "చూశారాండీ, మధ్యలో ఒక్క అడుగు జాడ కూడా లేదు. అందరూ గోడ పక్కనించే నడుస్తున్నారు" అంది. చూశాను. మామయ్యగారి పెద్ద పాదాలు, మా అత్తయ్యగారు శ్యామలాంబగారి చిన్న పాదాలు, మావి, అన్నీ గోడల వెంట బారులు తీరి ఉన్నాయి. అంత హాల్లో నడుమ నేల కొత్తగా మెరుస్తోంది. ఎవరూ ఎవరికీ చెప్పలేదు అలా నడవమని.

ఒక్క మనిషి జాడలే లేవు ఆ తడినేల మీద. మామ్మగారివి.

మామ్మగారంటే మామయ్యగారి తల్లి, సూర్యకాంతమ్మగారు. ఎనభై మూడేళ్ళు. ఇంట్లో అన్నిటికంటే మంచి గది ఆవిడది. రెండు వైపులా అద్దాలు, అద్దం అవతల చిన్న పెరడు, అందులో దేవగన్నేరు మొక్క. "మా అమ్మ ఇన్నేళ్ళూ పాతింటి వెనక గదుల చీకట్లో, పొగలో బతికిందమ్మాయ్. ఇంక వెలుతురులో కూర్చోవాలి. ఈ ఇల్లు కట్టిందే ఆ గది కోసం" అని మామయ్యగారు నాతో చెప్పారు. ఆవిడ మాత్రం ఆ గదిలో, రెండద్దాలకీ దూరంగా, కాంక్రీటు మూలలో వాల్చిన కుర్చీలో, తలమీద కొంగుతో కూర్చునేవారు.

కార్తీకం వచ్చింది. మామ్మగారు నెలంతా నక్తాలు ఉంటానన్నారు. అంటే పగలంతా ఉపవాసం, చుక్క పొడిచాక భోజనం. అత్తయ్యగారికి ఎంత గొప్పో! బంధువులందరికీ ఫోన్లు. "మా అత్తగారండీ, ఈ ఏడు నెలంతా నక్తాలే. చుక్క పొడిచేదాకా మంచినీళ్ళయినా ముట్టరు. ఈ వయసులో!" వచ్చిన చుట్టాలు ఆవిడ కాళ్ళకి దణ్ణాలు పెట్టి వెళ్ళేవారు. నేనూ పెట్టాను.

తబిత మాత్రం గిన్నెలు తోముతూ గొణిగింది. "మేం నలభై రోజుల ఉపవాసాలుంటామండీ చర్చిలో. అప్పుడు కూడా మంచినీళ్ళు తాగుతాం. ఇదేం ఉపవాసమండీ?"

రెండో వారంలో, మధ్యాహ్నం, కొబ్బరినీళ్ళు పట్టుకెళ్ళాను. "అక్కడ పెట్టవే" అన్నారు మామ్మగారు. పెట్టి వచ్చేసి, ఫోను మర్చిపోయానని వెనక్కి వెళ్ళాను. ఆవిడ అద్దం కొంచెం జరిపి, గ్లాసుడు కొబ్బరినీళ్ళూ దేవగన్నేరు మొదట్లో పోస్తున్నారు. నన్ను చూసి ఉలిక్కిపడలేదు. ఆఖరి చుక్క దాకా పోసి గ్లాసు బోర్లించారు.

"మామ్మగారూ, కొబ్బరినీళ్ళు ఉపవాసానికి పనికొస్తాయండీ."

"ఉపవాసానికి పనికొస్తాయి. నాకే పనికిరావు."

ఆవిడ గోడల వైపు చూసి, నన్ను దగ్గరకి రమ్మని సైగ చేసి, నా చెవిలో చెప్పారు.

"తాగితే లేవాలి. లేస్తే ఆ హాలంతా దాటాలి. మీ మామగారి దగ్గర పొద్దస్తమానం ఎవడో ఒకడు కూచునుంటాడు. మేతలవాడొకడు, మందులవాడొకడు. ముసల్ది బాత్‌రూముకి పోతోందని వాళ్ళంతా చూడాలా?"

"ఎవరు చూస్తారండీ మామ్మగారూ? ఎవరి ఫోను వాళ్ళదే కదా."

"వాళ్ళు చూడకపోవడం వేరు, నేను కనపడకపోవడం వేరు" అన్నారు. "కాపురానికి వచ్చినప్పుడు కారు దిగి గుమ్మంలోకి నాలుగడుగులు వెయ్యడానికి రెండు పక్కలా తెరలు పట్టారే నాకు. మొన్నటిదాకా పరాయి మగాడు నా మొహం ఎరగడు. ఇప్పుడీ అద్దాల బీరువాలో పెట్టారు."

రాజుల ఇళ్ళల్లో ఆడవాళ్ళు పరాయివాళ్ళ కంటపడకూడదనే ఘోషా మా అమ్మ తరానికే పోయింది. నేను కాకినాడలో ఇంజనీరింగ్ చదువుతూ సిటీ బస్సుల్లో నిలబడి తిరిగినదాన్ని. ఆవిడ మాట నాకు పాతకాలపు కథలా ఉండాల్సింది. కానీ గట్టుమీద ఆగిన టార్చిలైటు గుర్తొచ్చింది.

"మరి రాత్రులండీ?"

"రాత్రయితే మరీను. లైటేస్తే గట్టుమీది వాళ్ళందరికీ కనపడతాం. తెల్లారగట్ల నాలుగింటికి, లైటెయ్యకుండా, గోడ పట్టుకుని వెళ్ళొస్తాను. ముప్ఫై నాలుగడుగులు."

గోడ ఒక చోట ఆగిపోతుంది. అక్కడినుంచి పట్టుకోవడానికి ఏమీ ఉండదు, నేలా అద్దమూ తప్ప. చీకట్లో అటు అడుగు తప్పితే ఆ రెండు మెట్లూ.

"మామయ్యగారికి చెబుతానండి."

ఆవిడ నా చెయ్యి పట్టుకున్నారు. వేళ్ళు ఎండిపోయి గరుగ్గా ఉన్నాయి. "వాడికసలు చెప్పకూడదు. నాకోసం కట్టాడే వాడీ గది. వెర్రిబాగులవాడు, రోజూ వచ్చి 'వెలుతురు బావుందా అమ్మా' అని అడుగుతాడు. ఏం చెప్పను?" అంటూ నా అరచేతిని తన నెత్తిమీద పెట్టుకున్నారు. "ఒట్టెయ్యి."

వేశాను. బీటెక్ చదివాను, ఒట్టు తప్పితే మనుషులు చచ్చిపోతారని నమ్మను. అయినా ఆ కొంగు కింద తలకాయ అరచేతికి ఎంత చిన్నగా తగిలిందో, ఇప్పటికీ తెలుస్తూనే ఉంటుంది.

ఆ రాత్రి మా వారికి మెసేజి పెట్టాను. మామ్మగారి గదికి కర్టెన్లు వేయిద్దాం.

ఎందుకు? అని వచ్చింది మంచం అవతలి నుంచి.

ఎండ ఎక్కువగా ఉందిట.

ఉదయం ఆయన మామయ్యగారితో అన్నారు. మామయ్యగారు అప్పటికప్పుడు ఉదయ్‌భాస్కర్ గారికి ఫోను కలిపి స్పీకర్ పెట్టారు. "తెరలు కట్టారంటే ఇల్లు గుడ్డిదైపోతుందండీ. కావాలంటే ఇంకో మొక్క వేద్దాం, పెరిగాక నీడ ఇస్తుంది" అన్నారాయన. మామయ్యగారు నా వైపు తిరిగి, "మొక్క వేయిద్దామమ్మాయ్" అన్నారు ఎంతో ప్రేమగా. మొక్క పెరిగేదాకా ఈవిడ ఉండాలి కదా అనుకున్నాను. పైకి "అలాగేనండీ" అన్నాను.

ఇంక కాపలా మొదలెట్టాను. హాల్లో ఎవరూ లేని క్షణం చూసి, మామ్మగారి గది దగ్గరికెళ్ళి గాజులు గలగలలాడించేదాన్ని. ఆవిడ కొంగు సర్దుకుని నా చెయ్యి పట్టుకుని గబగబా దాటేసేవారు. మొదటిరోజు రెండుసార్లు, రెండోరోజు మూడుసార్లు. మూడోసారి తిరిగొచ్చాక గ్లాసుడు మజ్జిగ గటగటా తాగి, "దొంగతనానికి బాగా పనికొస్తావే" అన్నారు. నేను సంతోషం పట్టలేక మేడమెట్లు రెండేసి ఎక్కేశాను.

మూడో రోజున పట్టుబడి మొదలైంది. చెరువులు ఒకటొకటిగా ఖాళీ చేసి రొయ్యలు పట్టి అమ్మేస్తారు. మూడు రోజులు వరసగా. తెల్లవారకముందే ఐసు లారీలు, వలల మనుషులు, కొనుగోలుదార్లు. గట్లమీద పని నడుస్తుంటే బేరాలన్నీ హాల్లో. ఒకరు లేస్తే ఇంకొకరు వచ్చి కూర్చునేవారు. ఫోన్లు చార్జింగుకి పెట్టుకునేవారు, కాఫీలడిగేవారు. నేను గాజులు గలగలలాడించే సందే దొరకలేదు. నాలుగింటికే వలల మనుషులు గట్లమీద లైట్లు పెట్టేవారు. మామ్మగారి తెల్లవారుజాము కూడా పోయింది.

పట్టుబడి మొదటిరోజు మజ్జిగ అలాగే ఉండిపోయింది. చుక్క పొడిచాక కూడా ఒక అరటిపండు తిని చాలన్నారు. రెండోరోజు ఆవిడ పెదవులు తెల్లగా పగిలాయి. ఒట్టు, ఒట్టు, ఒట్టు అని నా బుర్రలో ఒకటే మోత. అత్తయ్యగారితో, "మామ్మగారు నీరసంగా ఉన్నారండీ" అన్నాను. అంతవరకే అనగలిగాను. "ఉపవాసం కదమ్మా, ఇంకో వారమే. ఆవిడ సంకల్పం మనం చెరపకూడదు" అన్నారావిడ. నేను మేడమీదికెళ్ళి గోడవైపు తిరిగి ఏడ్చాను, శబ్దం రాకుండా. ఆ ఇంట్లో అదీ నేర్చుకున్నాను.

మూడోరోజు పదకొండు గంటలకి వెళ్ళేసరికి మామ్మగారు కుర్చీలో ఓ పక్కకి ఒరిగి ఉన్నారు. నా మొహంలోకి చూసి, "సుభద్రా, వాళ్ళు వెళ్ళారా?" అన్నారు. ఇంట్లో సుభద్ర ఎవరూ లేరు. చెయ్యి ముట్టుకుంటే చల్లగా ఉంది. చర్మం పట్టి వదిలితే అలాగే ముడతపడి నిలిచిపోయింది.

"బాత్‌రూముకి వెళదాం మామ్మగారూ. వెళ్ళొచ్చి నీళ్ళు తాగుదురుగాని. లెండి."

"మగాళ్ళున్నారే."

ఉన్నారు. ఆరుగురు. మామయ్యగారితో కలిపి ఏడుగురు.

నేను పరుగెత్తి మా గదిలోకి వెళ్ళి బీరువాలో చేతికి దొరికిన పట్టుచీర లాగాను. రిసెప్షన్‌ది, ముదురు నీలం. మడత విప్పుతూ వంటగదిలోకి వెళ్ళి, "తబితా, ఈ కొస పట్టుకుని నాతో రా. ఎత్తి పట్టుకో, తల కంటే ఎత్తు" అన్నాను.

"ఎందుకండీ?"

"రా ముందు."

ఆ హాలు నడుమలోకి నేను నడిచిన మొదటిసారి అదే. గోడ పక్కనుంచి కాదు, తిన్నగా. మాటలు ఆగిపోయాయి. ఏడుగురూ నా వంక చూస్తున్నారు. తబిత ఒక కొస, నేను ఒక కొస, మామ్మగారి గది మలుపు దగ్గర్నుంచి చీర బారుగా లాగి పట్టుకున్నాం.

"ఏంటమ్మాయ్ ఇది?" అన్నారు మామయ్యగారు.

మాట్లాడింది శ్రీనివాసరాజుగారు. ఉండి అనే ఊరి నుంచి వచ్చిన కొనుగోలుదారు, డెబ్బై దాటిన మనిషి. తెరకేసి ఒకసారి చూశారు. చేతిలో కాఫీ కప్పు కింద పెట్టేసి, లేచి నిలబడి, "పెద్దావిడ వస్తున్నారు కామోసు. లేవండయ్యా" అని, తూర్పు అద్దం వైపు తిరిగి నిలబడిపోయారు. ఒక్కొక్కరే లేచారు. కుర్రవాళ్ళిద్దరికీ ఏమీ అర్థం కాలేదు, అయినా తిరిగారు. ఆఖర్న మామయ్యగారు. ఆయన తిరిగే ముందు తెరని పైనుంచి కిందకి చూశారు.

"రండి మామ్మగారూ" అన్నాను.

ఎలా లేచారో, ఆవిడ వచ్చారు. చీర వెనక నుంచి చెప్పుల్లేని పాదాల చప్పుడు. నేనూ తబితా పక్కపక్కకి జరుగుతూ తెరని ఆవిడతోపాటు నడిపిస్తున్నాం. పది అడుగులు. పదిహేను. మెట్ల అంచు దాటాం. ఇంక పన్నెండో పదమూడో ఉన్నాయి. అప్పుడు చీర ఒక్కసారి బరువెక్కింది. ఆవిడ దాన్ని పట్టుకున్నారు. జరీ చిరిగిన చప్పుడయింది, తర్వాత మెత్తగా ఇంకో చప్పుడు.

మగవాళ్ళెవరూ తిరగలేదు. తిరగకూడదని నిలబడ్డారు మరి. ఏడు వీపులు, ఏడుగురి మొహాలూ అద్దం వైపు.

"మామయ్యగారూ!" అని నేను అరిచిన అరుపు ఆ కప్పుకి తగిలి మళ్ళీ మళ్ళీ కిందకి వచ్చింది.

భీమవరం దాకా కార్లో ఆవిడ తల నా ఒళ్ళోనే ఉంది. ఒట్టేసిన చేత్తోనే నిమురుతూ కూర్చున్నాను. నాకు తెలిసిన దేవుళ్ళందరికీ ఒకటే మాట చెప్పాను. నేనింకా ఎవరికీ చెప్పలేదు, చూస్తున్నారుగా, ఇంకా తప్పలేదు.

ఆసుపత్రిలో డాక్టరమ్మ సెలైన్ పెట్టించి, రిపోర్టు చూసి బయటికొచ్చారు. "ఒంట్లో నీళ్ళు బొత్తిగా లేవు. ఇన్‌ఫెక్షన్ కూడా ఉంది. ఇంకో రెండు రోజులాగితే కిడ్నీలు పోయేవి. ఇప్పుడు కూడా పూర్తిగా గండం గడిచిందని చెప్పను. నీళ్ళు ఎందుకు తాగట్లేదీవిడ?"

"కార్తీకం ఉపవాసాలండి" అన్నారు అత్తయ్యగారు, కొంగు నోటికడ్డం పెట్టుకుని. "మానేయమని చెబుతాం లెండి."

డాక్టరమ్మ అది రాసుకోబోతున్నారు. ఉపవాసం మానితే చాలని ఇంటికి పంపిస్తారు. మళ్ళీ ఆ గదిలోకే.

"ఉపవాసం కాదండి" అన్నాను.

అందరూ తిరిగారు. మా వారు నా భుజంమీద చెయ్యి వేశారు. చెప్పడం మొదలెట్టాను. మొక్క మొదట్లో పోసిన నీళ్ళు, చీకట్లో ముప్ఫై నాలుగడుగులు, మేతలవాళ్ళు, గట్టుమీది లైట్లు. మామయ్యగారి మొహం చూడలేక నేలకేసి చెప్పాను. ఒట్టు సంగతి కూడా చెప్పాను. చెప్పాక లోపలికి పరుగెత్తి, మామ్మగారి ఛాతీ కదులుతోందో లేదో చూసి వచ్చాను.

మామయ్యగారు ఒక్కమాట అన్నారు. "వెలుతురు బావుందా అని అడిగితే, బావుందిరా అనేది."

ఆవిణ్ణి ఉంచింది పది మంచాల వార్డులో. డీలక్సు రూము మర్నాటికిగానీ ఖాళీ అవదన్నారు. ఆ రాత్రంతా అత్తయ్యగారూ నేనూ స్టూళ్ళమీద కూర్చున్నాం. మర్నాడు ఎనిమిది గంటలకి నర్సు వచ్చి, ఒళ్ళు తుడవాలని, మంచం చుట్టూ ఆకుపచ్చ తెర సర్రున లాగింది. నాలుగు వైపులా. లోపల మామ్మగారూ నేనూ మిగిలాం. తుడవడం అయ్యాక నర్సు తెర తియ్యబోతే మామ్మగారు కళ్ళు తెరిచి, "ఉండనియ్యి" అన్నారు.

చుట్టూ చూశారు. తర్వాత నన్ను చూశారు. ఈసారి నన్నే.

"చెప్పేశావా?"

"చెప్పేశానండి."

"నా నెత్తిమీద ఒట్టు."

"అవునండి."

"నేను చచ్చానా?"

"లేదండి" అన్నాను. కళ్ళమ్మట నీళ్ళు కారిపోతున్నాయి.

"అయితే ఆ ఏడుపాపి, కాసిని మంచినీళ్ళియ్యి."

సీసాలోంచి కాగితం కప్పులో పోసి తల ఎత్తి పట్టుకున్నాను. చిన్న చిన్న గుక్కలుగా మొత్తం తాగారు. అప్పుడే బయట మామయ్యగారి గొంతు వినపడింది. "సిస్టర్ గారూ, డీలక్సు రూము ఖాళీ అయిందటండీ. పెద్ద కిటికీ ఉందట, అమ్మని అక్కడికి..." మాట అక్కడే ఆగింది. తెర కింద ఆయన చెప్పులు కదలకుండా నిలబడ్డాయి. "అక్కర్లేదు లెండి. ఇక్కడే ఉండనివ్వండి" అన్నారు.

మామ్మగారు విన్నారు. ఖాళీ కప్పు నా చేతికి ఇవ్వలేదు. తెర సందులోంచి తనే చెయ్యి బయటికి చాపారు, సెలైన్ గొట్టం వేలాడుతుండగా.

"ఇంకాస్త పట్రారా" అన్నారు.

చెప్పులు గబగబా వెళ్ళాయి. వార్డు చివర నీళ్ళ యంత్రం బుడబుడమన్న చప్పుడు. చెప్పులు నెమ్మదిగా, తొణక్కుండా వెనక్కి వచ్చాయి. ఆయన తెర జరపలేదు. బయటే నిలబడి, "అమ్మా, తెచ్చాను" అన్నారు.